పగలని గిన్నెలు

నా పేరు హోంగ్ బి-యూన్. వయస్సు యాభై ఏడు. దోంగ్‌గాంగ్ రేవు వీధిలో చేపల సూపు దుకాణం నాది, ఇల్లూ అదే. నా భర్త త్సాయ్ జిన్-షుయి ట్యూనా పడవ మీద వెళ్లి ఆరేళ్ల క్రితం తుపానులో పోయాడు. శవం కూడా దొరకలేదు. పక్కింటివాళ్ల స్కూటరు అద్దం పగలగొట్టానని నా మీద ఫిర్యాదు. పగలగొట్టాను. ఎందుకో కూడా రాసుకోండి.

తప్పంతా చచ్చినవాళ్లది. ఒకరు నా మొగుడు, ఇంకొకరు మా అత్త.

పోయిన మార్చిలో ఒక మధ్యాహ్నం కో వెన్-హాయ్ అనే కుర్రాడు సూపు తాగడానికి వచ్చాడు. వాడూ ట్యూనా పడవ మీద పనిచేసేవాడే. నేను అల్లం కోసం బజారుకి వెళ్లి వచ్చేసరికి దుకాణం షట్టరు దానంతటదే దిగిపోయి ఉంది. లోపల వాడు, నా కూతురు పేయ్-జన్. మెకానిక్ వచ్చి గడ్డపలుగు పెట్టినా కదల్లేదు. లోపల్నుంచి నవ్వులు.

"ఏమే, ఆ నవ్వేంటే?" అని అరిచాను.

"ఏం లేదమ్మా, ఈయన గాలం వేసి షట్టరు పైకి లాగుతాట్ట!" అంది.

వాళ్ల కబుర్లు అయ్యాక షట్టరు తనే లేచింది. దుకాణమంతా మా అత్త మోకాళ్లకి రాసుకునే కర్పూరం నూనె వాసన. ఆవిడ పోయి చాలా ఏళ్లయింది. నాకు అప్పుడే అర్థమైంది, ఇది ఎవరి పనో.

పెళ్లి మాట వచ్చాక మాలో అబ్బాయి పుట్టిన ఘడియ రాసిన ఎర్ర కాగితాన్ని చనిపోయిన పెద్దల పేర్లున్న పలకల ముందు, అగరొత్తుల కుండ కింద మూడు రోజులు ఉంచుతాం. ఆ మూడు రోజుల్లో ఇంట్లో ఒక్క గిన్నె పగిలినా పెద్దలు వద్దన్నట్టే. ఇంక ఎవరూ ఎవరినీ ఏమీ అడగరు. ఆ వెన్-హాయ్ కాగితం మొన్న పెట్టాం.

"మీరే వద్దనొచ్చు కదమ్మా" అన్నారు మీరు. అనలేను సార్. నేను అంటే నా కూతురు జన్మంతా నన్ను చూసి మొహం తిప్పుకుంటుంది. చచ్చినవాళ్ల మీద అలిగితే వాళ్లకేం పోయింది? అందుకే గిన్నె పగలగొడదామనుకున్నాను.

మొదటి రోజు ఒక గిన్నెని చెయ్యి జారినట్టు వదిలేశాను. సిమెంటు నేల మీద నిటారుగా కూర్చుంది. రెండో రోజు గోడకేసి కొట్టాను. మెల్లగా జారి బియ్యం బస్తా మీద పడింది. బతికున్నన్నాళ్లూ తిన్న గిన్నె తీసిన పాపాన పోలేదు నా మొగుడు. ఇప్పుడు గిన్నెలు పట్టుకుంటున్నాడు! ఒళ్లు మండిపోయింది.

మూడో రోజు, అంటే ఈ రోజు మధ్యాహ్నం రెండింటికి, దుకాణంలో ఉన్న పింగాణీ గిన్నెలన్నీ తెచ్చి గుమ్మం లోపలే నిలబడి విసిరాను. ఒకటి వీధిలోకి దూసుకెళ్లి స్కూటరుకి తగిలింది. అద్దం పగిలింది. గిన్నె పగల్లేదు. గిన్నె కాకపోయినా ఇంట్లో ఏదో ఒకటి పగిలిందని పెద్దలకి చూపించొచ్చని, ఆ అద్దం మా ఇంట్లోదేనని రాయమని మీ కానిస్టేబుల్‌ని బతిమాలాను. "స్కూటరు వీధిలో ఉంటే అలా ఎలా రాస్తానండీ" అన్నాడు. మీరూ రాయనంటున్నారు.

చివరి గిన్నె ఎత్తినప్పుడు ఎవరో నా మణికట్టు పట్టుకున్నారు. చల్లటి చెయ్యి, తడిగా ఉంది. ఎవరిదో నాకు తెలుసు. "సముద్రం నిన్ను మింగింది చాలదా? మళ్లీ సముద్రం మీదకి పోయేవాడికే పిల్లనిస్తావా? వాడూ రాకపోతే?" అని అరిచాను. వీధంతా విన్నది. ఆరేళ్లుగా నా కలలోకైనా రాని మనిషి, కూతురి కోసం వచ్చాడు. నా కోసం రాలేదు.

పేయ్-జన్ పరుగెత్తుకొచ్చి, "ఇంక చాలమ్మా, ఎవరితో పోట్లాడుతున్నావు?" అని నన్ను పొదివి పట్టుకుంది. అప్పటిదాకా ఆ చెయ్యి నన్ను వదల్లేదు.

సాయంత్రంతో గడువు తీరిపోయింది. పెళ్లి ఖాయం. అద్దం కొత్తది వేయిస్తాను. క్షమాపణ మాత్రం చెప్పను.

మా ఆయన్ని స్టేషనుకి పిలిపించే దారి చట్టంలో లేదన్నారు. సరే, అయితే ఈ మాట ఇందులో రాయండి. గిన్నెలు పట్టుకోవడం వచ్చుగా, ఆ కుర్రాడు ఎక్కిన ప్రతిసారీ ఆ పడవనీ అలాగే పట్టుకోమనండి.

ఇదంతా నాకు చదివి వినిపించారు. ఒక్క మాటా కల్పించలేదు, ఎవరూ నన్ను బెదిరించి చెప్పించలేదు.

హోంగ్ బి-యూన్
ఎడమచేతి బొటనవేలి ముద్ర