కోరలు లేని రాక్షసుడు

రేపే ఊళ్లో తోలుబొమ్మలాట. కూతురు కొత్తగా కోసి రంగులద్దిన రాక్షసరాజు బొమ్మను తండ్రి వెలుతురుకు ఎత్తి పట్టుకున్నాడు.

“కోరలేవమ్మా?”

“పెట్టలేదు నాయనా.”

“చేతులు జోడించి నవ్వే రాక్షసుణ్ణి ఎవరన్నా చూసినారా?”

“ఊరంతా చూసింది. దణ్ణాలు పెట్టుకుంటానే కదా, ఆ రొయ్యల గుంటల ఆసామి ఉప్పునీళ్లు మన మళ్లల్లోకి వదిలినాడు?”

“మెల్లగా మాట్లాడు. రేపు ముందు వరసలో కూర్చునేది ఆయనే.”

“కూర్చోనీ.”

“ఆట ఆపిస్తే?”

“ఆపిస్తే, అది తన బొమ్మేనని తనే ఒప్పుకున్నట్టు.”

“కన్ను తొలిచి తెరిచినాక బొమ్మకు ప్రాణమొచ్చినట్టే, ఇంక మార్చకూడదు. ఇంకా తెరవలేదు కాబట్టి రెండు కోరలు దిద్దెయ్ తల్లీ.”

“దిద్దను. కోరల్ని చూసి జనం కాసేపు జడుసుకుంటారు, ఇంటికి పోయి మర్చిపోతారు. ఈ నవ్వును మర్చిపోకూడదు. కన్ను తెరవాల్సింది పెద్దోడివి నువ్వు. నీ వల్ల కాదంటే చెప్పు, నేనే తెరుస్తా.”

అతను బొమ్మను ఒళ్లో పెట్టుకున్నాడు.

“ఉలి ఇట్టా తే. నోరు నవ్వతా ఉన్నా ఆ కళ్లు నవ్వవు, అది నీకు తెలీదు. ఉప్పునీళ్లు వదలొద్దని ఆయన కాళ్లు పట్టుకున్న రోజు, నేను తలెత్తి చూసినాను.”