పదిహేడు గ్రాముల పిట్ట

అధ్యక్షస్థానంలో ఉన్న డైరెక్టరు గారికి, ముందు వరసలోని పెద్దలకు, వెనక వరసలో కూర్చుని ఫలహారాల గది తలుపు కేసి చూస్తున్న నా సాటి ఉద్యోగులకు, ఇన్నేళ్ళూ నా ఉపన్యాసాలు ఇంట్లో విన్నది చాలక ఇక్కడికి కూడా వచ్చిన మా ఆవిడకు, అందరికంటే ముఖ్యంగా ఇవాళ పదవీ విరమణ చేస్తున్న మా నిచ్చెనక్కకు నమస్కారం. (నవ్వులు)

అక్క అసలు పేరు హాజరుపట్టీలో తప్ప ఎక్కడా వినపడదు. మన పరిశోధన కేంద్రం గోడలకీ చెట్లకీ తగిలించిన అరవై చెక్కపెట్టెల్లో పిచ్చుకలు గూళ్ళు కడతాయి కదా, పిల్లలకి పన్నెండో రోజు రాగానే నిచ్చెన వేసుకుని ఎక్కడం, పిల్లని గుడ్డసంచిలో పెట్టి తూచడం, కాలికి నంబరున్న బుల్లి కడియం తొడగడం, మళ్ళీ గూట్లో పెట్టడం, ఇదంతా ఇరవై ఎనిమిదేళ్ళుగా ఆమె పని. కింద నిలబడి పుస్తకంలో రాసుకోవడం, మెడ పట్టేసిందని చెప్పుకోవడం నా పని.

ఆ రోజుల్లో కడియాలు ఏడాదికి ఇన్నే అని వచ్చేవి. అందుకని నేనొక నియమం పెట్టాను, ఇరవై గ్రాములు తూగని పిల్లకి కడియం వేయకూడదని. ఎలాగూ బతకదు, దండగ. పద్ధెనిమిదేళ్ళ కిందట, నేను సెలవులో ఉన్న రోజున, నాలుగో పెట్టెలో పదిహేడు గ్రాముల ఆడపిల్లకి అక్క కడియం వేసింది. దాచలేదు. బరువు, కడియం నంబరు రెండువందల పద్నాలుగు, గుండ్రంగా పుస్తకంలో రాసిపెట్టింది. ఎందుకు వేశారని అడిగాను. "మీరు బరువు చూస్తారు సార్, నేను నోరు చూశాను. అన్నిటికంటే పెద్దగా తెరిచింది," అంది. ఇది బతికే మొహమేనా అన్నాను. "పొయ్యి మీదుండగానే రుచి చెప్పేస్తే ఎలా సార్, దించనివ్వండి," అంది. నాకు కోపం నషాళానికంటింది. ఆమెకొక మెమో ఇచ్చాను. దాని సంగతి మళ్ళీ చెప్తాను.

అదే ఏడు ఇరవై తొమ్మిది గ్రాముల మగపిల్ల ఒకటి పుట్టింది. వస్తాదు అని పేరు పెట్టి వచ్చినవాళ్ళందరికీ చూపించుకున్నాను. డైరెక్టరు గారికి కూడా చూపించాను, ఆయన మొహమాటానికి బావుందన్నారు. (నవ్వులు) మరి ఆ వస్తాదు ఏం చేశాడయ్యా అంటే, పొద్దస్తమానం పక్క పెట్టెవాళ్ళతో తగవులాడాడు, పిల్లల నోట్లో పురుగు పెట్టడానికి తీరిక లేకపోయింది. రెండేళ్ళలో మూడు కాపురాలు పెట్టాడు, ఒక్క పిల్లా గడప దాటలేదు. మూడో ఏడు డేగ ఎత్తుకుపోయింది.

రెండువందల పద్నాలుగు మాత్రం మరుసటేడు పిల్లి ఎక్కలేని ముప్పై ఒకటో పెట్టె చూసుకుని, మిగతావాటికంటే వారం ముందే గుడ్లు పెట్టింది. విడతకి మూడే గుడ్లు. మూడింటినీ ఎగరేసింది. పిట్ట కొంచెం కూత ఘనం అంటారు గానీ, దానికి కూత కూడా ఏమంత లేదు. అలా ఏడేళ్ళు. దాని పిల్లలు పిల్లల్ని పెట్టాయి, ఆ పిల్లలు మళ్ళీ పెట్టాయి. మొన్న పుస్తకాలన్నీ ముందేసుకుని కడియాల నంబర్లు వెనక్కి కలుపుకుంటూ వెళ్ళాను. ఈ ఏడు నిండిన పెట్టెల్లో నలభై ఒకటి దాని సంతానానివే.

మా శాస్త్రంలో ఫిట్‌నెస్ అనే మాటకి అర్థం కండ కాదు, కేవలం ఆయుష్షు కూడా కాదు. ఆ చోట, ఆ ఎండకీ వానకీ ఆ పిల్లికీ తట్టుకుని, మళ్ళీ పిల్లల్ని పెట్టగలిగే పిల్లల్ని ఎన్నింటిని మిగిల్చిందన్నదే లెక్క. తూకంలో కనపడదు, తరాలు గడిచాక వెనక్కి తిరిగితేనే కనపడుతుంది. ఆ పదిహేడు గ్రాముల వెనక ఒక తల్లి, దానికో తల్లి, అలా మనిషన్నవాడు పుట్టకముందు దాకా పోతుంది వరస, ఆ వరసలో ఒక్కటంటే ఒక్కటి కూడా పిల్లని మిగల్చకుండా పోలేదు. ఎన్ని కరువులు, ఎన్ని తుఫాన్లు దాటొచ్చిన వరసో అది. దాన్ని నేను సంచిలో వేలాడదీసి, దండగ అన్నాను. ఇది పిట్టల లెక్క, మనుషుల విలువ కట్టడానికి పనికిరాదు. మాకు పిల్లలు లేరు కాబట్టి ఆ మాట కాస్త ధైర్యంగానే చెప్పగలను.

(జేబులోంచి కాగితం తీసి) ఇప్పుడు మెమో. అక్క ఫైలు రేపు మూసేస్తారు, అందుకే ఇవాళ చదువుతున్నాను. "పనికిరాని పిట్టకు కడియం వేసి వృథా చేసినందుకు." కింద సంతకం నాదే. దీని వల్ల ఆమె ఉద్యోగం పర్మినెంటు కావడం మూడేళ్ళు వెనక్కిపోయింది. నేను మాత్రం ఆ పిట్ట మీద వ్యాసం రాసి పేరు తెచ్చుకున్నాను, అందులో అక్క ఊసు లేదు. మెమో తప్పని పద్ధెనిమిదేళ్ళలో ఒక్కసారి కూడా ఒప్పుకోలేదు. సిగ్గుపడ్డాను, అంతే. ఇవాళ ఆ తప్పు నాదని రాసిన కాగితం డైరెక్టరు గారి చేతికిచ్చాను, ఫైల్లో అన్నిటికంటే పైన పెట్టమని.

ఇదిగో, ఆ పిట్ట కడియం. పదకొండేళ్ళ కిందట అది పోయాక పెట్టె కింద దొరికితే నా సొరుగులో పెట్టుకున్నాను. ఇది మీది. తీసుకోండి అక్కా.

అక్క ఏదో అంటోంది. "ఇంకా బాగానే ఉందిగా సార్, వృథా ఎందుకు, ఇంకో పిల్లకి వేద్దాం" అంటోంది. (నవ్వులు) ఒకసారి వేసిన నంబరు ఇంకోదానికి వేయకూడదక్కా, అది మీ దగ్గరే ఉండనివ్వండి. ముప్పై ఒకటో పెట్టెలో పిల్లలకి రేపు పన్నెండో రోజు. మీకు రేపటి నుంచి డ్యూటీ లేదు, రమ్మనే అధికారం నాకు లేదు, అందుకే అడుగుతున్నాను. ఒక్కసారి రండి. తూకంతో పని లేదు, అన్నిటికీ వేద్దాం. మీరెక్కండి, నిచ్చెన నేను పట్టుకుంటాను.

ఇంతసేపు ఓపిగ్గా విన్న మీ అందరికీ కృతజ్ఞతలు. సెలవు.