బ్యాటరీ ఎవులు ఇప్పినారు

సంతకి జనాన్ని తిప్పే తన జీపులో స్టీరింగ్ ముందు ఎర్రలైటు ఆరట్లేదని ముంచింగిపుట్టు మెకానిక్ దగ్గరికొచ్చాడు సుక్రు. లోపమేంటో చెప్పడానికి మెకానిక్ బండికి తగిలించిన మిషన్ని అనుమానంగా చూశాడు.

"బండిలో కంప్యూటర్ పోయిందంటావు, అంతేనా?"

"బాగానే ఉందన్నా. మద్దిలో దానికి కరెంటు పోయిందని కోడు సెప్తంది."

"మా ఊరికే వారం నుంచి కరెంటు లేదు. బండికి కూడానా?"

"బ్యాటరీ ఎవులో ఇప్పి మళ్లీ బిగించినారు. ఈ నట్టు సూడు, వదులుగుంది."

"మా ఊర్లో ఒకడి వస్తువు ఇంకొకడు ముట్టడు. నువ్వే ఇప్పుంటావు."

"లైటు ఎప్పట్నుంచి ఎలుగుతంది?"

"ఆదివారం సాయంత్రం బండి తీసినప్పట్నుంచి."

"ఆ పొద్దున బండి ఎక్కడుంది?"

"చర్చి బయట. లోపల మైకులో నేనే పాట పాడతన్నాను."

"కరెంటు లేకుండా మైకెలా మోగిందన్నా?"

సుక్రు వంగి ఆ వదులు నట్టుని వేలితో తిప్పి చూశాడు.

"స్పానర్ ఇలాగియ్యి," అన్నాడు చివరికి. "నేనే బిగించుకుంటాను."