సిగరెట్ చూసినప్పుడల్లా

హిప్నాటిజంతో సిగరెట్ మాన్పించే డాక్టరు దగ్గరికి, మానేసిన రెండేళ్లకు ఒక మెకానిక్ మళ్లీ వచ్చాడు.

"మళ్లీ మొదలెట్టారా?"

"లేదండి. సిగరెట్ చూసినప్పుడల్లా మా పాప మొహం కనబడుతుందన్నారు కదా. కనబడుతోంది."

"మంచిదేగా!"

"పాప పోయి ఏడాదైందండి. నాలుగు రోజుల జ్వరం."

"అయ్యో! ఎంత నరకయాతన పడుంటారు! ఇలా కూర్చోండి, మనసులో నాటింది తీసేస్తాను."

"మా ఆవిడా అదే అంటోంది. హిప్నాటిజం జోలికెళ్తే పిచ్చెక్కుతుందని ముందే చెప్పామని చుట్టాలంతా దెప్పుతున్నారు. నేనైతే షెడ్డు మూశాక రోజూ సిగరెట్ల కొట్టు ముందు నిలబడతానండి. ఫోటోలో పాప బిగుసుకుని ఉంటుంది. అక్కడైతే పళ్లూడిన నోటితో నవ్వుతుంది."

"మరి ఇప్పుడెందుకొచ్చారు?"

"ఈమధ్య మసకబారుతోందండి. సిగరెట్ పెట్టె నేనే తెచ్చాను. ఇంకోసారి కాస్త గట్టిగా చెప్పండి."