ముందు వరస

పన్నెండేళ్ళ కిందట ఎక్కడినుంచో వచ్చి ఆ ఊళ్ళో మిషను పెట్టుకున్న టైలర్ కొట్టుకి, నాటకం టీవీలో వచ్చిన మర్నాడు పొద్దున్నే, అందులో హీరో వేషం కట్టిన లెక్కల మాస్టారు వచ్చాడు. ఎంత చెప్పినా కూర్చోడు.

"ఆ స్టూలు విరగదు లెండి మాస్టారూ, కూర్చోండి. నిన్న మీ నాటకం ఇంటిల్లిపాదీ చూశాం."

"అందరూ చూశారా?"

"అందరం. పొరుగూరి నుంచి వచ్చినవాణ్ణి ఊరంతా దూరం పెడితే, ఆఖర్న అడుగుతారే, 'ఇంకెన్నేళ్ళుంటే నేను మీవాణ్ణవుతాను' అని. మా ఆవిడ ఒకటే ఏడుపు."

"డ్రస్సులన్నీ మీరు కుట్టబట్టే..."

"నాదేముందండీ. గుడ్డ మీది, కొలతలు మీవి."

"పాప... పాపేమంది?"

"జనాన్ని చూపించినప్పుడల్లా టీవీకి అతుక్కుపోయింది. మనమేరీ నాన్నా అని. వెనక కూర్చున్నాం కదమ్మా అన్నాను."

"మొదట ముందే కూర్చున్నారుగా."

"ఆ, కాసేపు. ఇంతకీ చొక్కానా, ప్యాంటా?"

"అందుకు రాలేదండీ. రేపు నాకు సన్మానం చేస్తున్నారు. మీరు ముందు వరసలో కూర్చోవాలి. మీ ఆవిడా, పాపా కూడా."

"రేపు పనుందండీ."

"రేపు ఆదివారం. మీ కొట్టు సెలవు."

"సెలవే. ఇంట్లో పని."

"ఏం పని?"

"ఏదో ఒకటి ఉంటుంది కదా మాస్టారూ."

"నాటకం ఆడిన రోజు మిమ్మల్ని ముందు వరసలోంచి కెమెరావాళ్ళు లేపించారనుకుంటున్నారేమో."

"ఇప్పుడవన్నీ ఎందుకు లెండి."

"వాళ్ళు కాదు. నేను. తెర లేవబోతుంటే మా కుర్రాళ్ళతో అన్నాను, టీవీలో పడేది మన ఊరు, ముందు మనవాళ్ళే కనపడాలి, ఆ టైలర్ వాళ్ళని వెనక్కి పంపండి అని. అనేసి, స్టేజీ ఎక్కి ఆ డైలాగు చెప్పాను. జనం చప్పట్లు కొట్టారు. నిన్న అది టీవీలో వస్తుంటే వినలేక లేచి కట్టేశాను. తల ఎక్కడ పెట్టుకోవాలో తెలియడం లేదు."

"పోనివ్వండి."

"ఎలా పోనిస్తాను? ఎవరో వచ్చి మీ చెవిన వేసేలోపు నేనే చెప్పాలని పరిగెత్తుకొచ్చాను. ఆ కుర్రాళ్ళు మిమ్మల్ని లేపేటప్పుడు ఏమన్నారో ఏమో."

"ఎవరూ లేపలేదు మాస్టారూ. మీరా మాట అంటున్నప్పుడు నేను మీ కాళ్ళ దగ్గరే కూర్చుని, ఊడిపోయిన మీ ప్యాంటు అంచు కుడుతున్నాను. కుట్టడం అయ్యాక వెళ్ళి, మావాళ్ళని నేనే లేపాను."