లెక్కల టీచరమ్మను పొమ్మన్ననాడు

"నాయనమ్మా, నువ్వు ఎందాక సదివినవ్?"

నేనా? పదోది. పాస్ గాలే, ఫెయిలు. నవ్వకు బిడ్డా, చెప్త ఇను.

తార్నాకల మా బస్తీ పక్కన సర్కారు బడి ఉన్నది సూడు, గిప్పుడు రంగులేసిన్రు గని, మా చిన్నప్పుడు గాడ రెండే అర్రలు. తర్వాతియి మా బస్తీవాళ్లే ఏసుకున్నరు. మా బాపు యూనివర్సిటీల తోటమాలి గదా, డ్యూటీ దిగి వచ్చి రాళ్లు మోసేటోడు. అమ్మ మట్టి తొక్కింది. పెండ్లయినా గాడనే, ఓట్లయినా గాడనే, వానకు ఎవలిల్లు కురిసినా గాడనే పండుడు. 'మా బడి' అనేటోళ్లు అందరు. సర్కారుది అని ఎవలనకపోతుండె.

గా బడికి లెక్కలు చెప్పనీకి అన్నపూర్ణ టీచరమ్మ వచ్చింది. గుంటూరు దిక్కామె. మెట్టుగూడల అద్దెకుండె, ఆడికెల్లి నడిచొచ్చేది. బస్సుకు పది పైసలో పదిహేనో... యాదికి లేదు తియ్యి. ఆమె మాటకు మాకు నవ్వొచ్చేది, మా మాటకు ఆమెకు నవ్వొచ్చేది. కని ఆమె చెప్తే లెక్కలంటే భయం పోతుండె. మా అన్న యాదగిరి ఆమె దగ్గర్నే సదివి పాసయిండు. బస్తీల మొదటోడు. బాపు బడి ముందట అందరికి చక్కెర పంచిండు గానాడు.

పాసయితే ఏమాయె, నౌకరి రాలే. ఆఫీసులల్ల అంత ఆ దిక్కుకెల్లి వచ్చినోళ్లే నిండిన్రని అన్నకు కడుపుమంట. నిజమే బిడ్డా, ఆడు ఉత్తగ అనలే. గప్పుడే, అరవై తొమ్మిదిల, జై తెలంగాణ లొల్లి లేచింది. క్యాంపస్ పిలగాండ్లంత రోడ్డెక్కిన్రు. అన్న గూడ ఆళ్లెంబడే.

ఒకనాడు మేం క్లాసుల ఉన్నం, టీచరమ్మ బోర్డు మీద లెక్క ఏస్తున్నది. గుంపొచ్చింది. ముందట ఎవలనుకున్నవ్? మా అన్ననే.

"టీచర్, మీరు మీ ఊరికి పోవాలె" అన్నడు. ఆమె మొకం దిక్కు సూడలే.

ఆమె సుద్దముక్క పట్టుకొనే నిలబడ్డది. "యాదగిరీ, నువ్వా?" అన్నది. గంతే.

వరండాల బాపు ఉన్నడు, బస్తీ పెద్దమనుషులున్నరు. గా గోడలు లేపినోళ్లే. ఒక్కడు నోరు తెర్వలే. నేను బాపు చెయ్యి పట్టి గుంజిన, "వద్దని చెప్పు బాపు" అని. "ఊకో బిడ్డా, పిలగాండ్లు గరం మీదున్నరు" అన్నడు.

మర్నాడు మెట్టుగూడకు ఉరికిన. ఆమె సామాను కట్టుకుంటున్నది. నేను ఏడుస్తుంటె నెత్తి మీద చెయ్యి పెట్టి, "మీ అన్నయ్య బాధ అబద్ధం కాదమ్మా. వాడికి నా మీద కోపం లేదు, నాకు తెలుసు. కానీ మీకు లెక్కలెవరు చెబుతారే?" అన్నది.



ఎనక లొల్లితోని బడి బంద్. నెలలకు నెలలు. తెరిచినంక లెక్కలకు ఎవరు రాలే. ఇయ్యాల వస్తరు, రేపు వస్తరు అన్నరు. పరీక్షల ఆడపిల్లలమంత లెక్కలల్లనే పోయినం. నన్ను అమ్మతోని క్యాంపస్‌ల గడ్డి పీకనీకి తోలిన్రు. కాలేజీ పిల్లలు పుస్తకాలు పట్టుకొని పక్కకెల్లి పోతుంటె తలకాయ వంచుకునేదాన్ని.

అన్నకు నౌకరి వచ్చిందా అంటవ్? రాలే. లారీ మీద కొన్నొద్దులు... కాదు, ముందు రిక్షానే తొక్కిండు, లారీ తర్వాత. బడి దిక్కు సవారి అంటే ఎంతిస్తమన్నా పోకపోతుండె. ఒక్కపారి తాగొచ్చి, "చెల్లె, ఆమె ఊరేందో నీకెరుకేనా?" అన్నడు. గుంటూరు దిక్కు అని తప్ప నాకేమెరుక? అట్లనే గోడకు ఒరిగి కూసున్నడు, పొద్దుమూకేదాంక.

గా లొల్లి తప్పంటనా? అనను. మరి ఆమె తప్పా? ఎవల్ని తిట్టాల్నో గిన్నేండ్లయినా సమజ్ కాలే నాకు. బాపు పాయె, అన్న పాయె. ఆమె ఉన్నదో, లేదో...

నువ్వు సల్లగుండు బిడ్డా. మంచిగ సదువు. నీకు చెప్పేటోళ్లు గూడ సల్లగుండాలె... ఆళ్లు ఏ ఊరోళ్లన్న గానీ...