మోత్రియా మోకాళ్ళనొప్పి

కాదండీ, మీరే చెప్పండి. పులియబెట్టిన క్యాబేజీలో ఎవరైనా బీట్‌రూట్ వేస్తారా? మోత్రియా మూడు జాడీల నిండా వేసింది. అడిగితే, ఇన్నాళ్ళూ మీవాళ్ళు తిన్నది గడ్డి అంటుంది.

ఉండండి, ముందు ఈ రాతి మీద మంచు దులపనివ్వండి. మీ పేరే కనబడటం లేదు.

నిరుడు మే నెలలో పట్టణ కచేరీ అమ్మాయి వచ్చిందని చెప్పాను కదూ. “లెయిదా గారూ, మీ ఆయన ఎండెల్ గారు పోయాక వెనక గది ఖాళీయే కదా, యుక్రెయిన్ నుంచి వచ్చినవాళ్ళకి ఇస్తారా” అని. పిల్లల తల్లి ఎవరో వస్తుందనుకుని సరేనన్నాను. వచ్చిందెవరు? డెబ్భై రెండేళ్ళ మోత్రియా. యుద్ధంలోంచి పారిపోయి వస్తూ చేతిలో ఏం పట్టుకొచ్చింది? ఇనప పెనం.

మన ఎస్తోనియా భాష ఆవిడకి రాదు, యుక్రెయిన్ భాష నాకు రాదు. ఇద్దరికీ వచ్చింది ఒక్కటే, రష్యన్. ఆ భాష మన గడప తొక్కకూడదని, సోవియట్ పాలన పోయి స్వతంత్రం వచ్చిన రోజున నాచేత ఒట్టు పెట్టించుకున్నది మీరే కదా? అయిదేళ్ళప్పుడు నన్నూ మా అమ్మనీ పశువుల రైలుపెట్టెలో సైబీరియాకి తోలిన వాళ్ళ భాష. నాకు మాత్రం నోరెట్లా వస్తుంది?

ఆవిడ కథా అంతేనట. పుట్టినప్పట్నుంచీ ఇంట్లో మాట్లాడింది ఆ భాషే. ఆ ఇంటి మీద రష్యా బాంబు పడ్డ రోజున ఇక మాట్లాడనని ఒట్టేసుకుందట. ఇదంతా తరవాత తెలిసింది. అప్పుడు మాత్రం రాదన్నట్టు ఆవిడ, రాదన్నట్టు నేను.

ఎనిమిది నెలలు సైగలేనండీ. గుడ్డు కావాలంటే చంకలాడించి కోడిలా కూసేది. పందిమాంసానికి ఏం చేసేదో ఇక్కడ చెప్పను, ఇది శ్మశానం. ఆవిరి స్నానంలో మన ఆచారం ప్రకారం మర్యాదకి బిర్చి చెట్టు మండలతో వీపు మీద తట్టానా, కొడుతున్నాననుకుని నన్ను ఉతికి ఆరేసింది.

ఇంతలో జనవరి వచ్చింది. నేను రొట్టె కోసం కొట్టుకి వెళ్ళాను. ఆవిడ అపార్ట్‌మెంట్ల మనిషి, కట్టెల పొయ్యి సంగతి ఏం తెలుసు? వేడంతా పోతోందని, నిప్పులు ఇంకా నీలంగా మండుతుండగానే పొగగొట్టం మూత వేసేసింది; ఆ విషపు గాలంతా ఇంట్లోనే నిండింది. నేను వచ్చేసరికి కుర్చీలో తల వాల్చేసి ఉంది. బుగ్గలు మాత్రం పెళ్ళికూతురికిమల్లే ఎర్రగా.

మీ తమ్ముడు అట్లాగే కదండీ పోయింది.

మూత లాగాను. తలుపు తన్నాను. చంకల కింద చేతులేసి మంచులోకి ఈడ్చాను, ఎనభై దగ్గరపడ్డ దాన్ని. “లేవవే మోత్రియా, ఊపిరి పీల్చవే” అని అరిచాను. అంతా రష్యన్‌లోనే. కళ్ళు మూసుకున్న మనిషికి సైగలేం చెయ్యను?

కాసేపటికి దగ్గింది. వాంతి చేసుకుంది. కళ్ళు తెరిచి, నన్ను కిందా మీదా చూసి, శుభ్రమైన రష్యన్‌లో అంది కదా:

“ఈ భాష వచ్చుండీ ఎనిమిది నెలలు నాచేత కోడికూత కూయించావా, ముసలిదానా?”

“నీకూ వచ్చు కదా, మరి ఎందుకు కూశావు?” అన్నాను.

అట్లాగే మంచులో కూర్చుని తిట్టుకున్నాం. ఆ రోజు విప్పిన నోళ్ళు ఇంతవరకూ మూతపడలేదు. ఖార్కివ్‌లో ముప్పై ఏళ్ళు ట్రామ్ నడిపిందట. అందుకే కాబోలు, అడ్డం వస్తే ఆగదు, గంట కొడుతుంది.

ఒట్టు తప్పానని ఒప్పుకోడానికి వచ్చాననుకుంటున్నారు కదూ? అది కాదు.

మొన్న మంగళవారం కచేరీ అమ్మాయి మళ్ళీ వచ్చింది. మోత్రియాకి ఫ్లాట్ దొరికిందట. నాలుగో అంతస్తు. గొట్టాల్లో వేడినీళ్ళు, కట్టెల గొడవ లేదు. లిఫ్టు మాత్రం లేదు. ఆ పిల్లకి రష్యన్ రాదు, ఈ కాలం పిల్లలకి ఎక్కడొస్తుంది? “మీరే అడిగి చెప్పండి లెయిదా గారూ” అంది.

అడిగాను. మోత్రియా చాలాసేపు బల్లమీది గుడ్డ సర్దింది.

“వెళ్తానని చెప్పు. ఎన్నాళ్ళని నీకు బరువుగా ఉంటాను?” అంది.

నేను ఆ అమ్మాయి వైపు తిరిగి మన భాషలో చెప్పాను: “మోకాళ్ళు పట్టేశాయట. అన్ని మెట్లు ఎక్కలేదట.”

ఏం మోకాళ్ళండీ? పోయిన వారమే కట్టెల కొట్టు కప్పెక్కి మంచు తోసిన మనిషి.

మన భాష ముక్క రాదనుకున్నానా, మోత్రియా నావైపు ఒక్క చూపు చూసింది. మెల్లిగా వంగి, రెండు మోకాళ్ళూ పట్టుకుని “అబ్బబ్బా” అని మూలిగింది. పాపం, ఆ అమ్మాయికి కళ్ళు చెమ్మగిల్లాయి. వచ్చే వారం డాక్టర్ని పంపిస్తుందట. అప్పటికి కుంటడం నేర్చుకుంటోంది, నిన్నట్నుంచీ సాధన.

అదండీ సంగతి. మీరు వద్దన్న భాషలో ఆవిడ నిజం చెప్పింది. మన భాషలో నేను అబద్ధం చెప్పాను. మీరు పోయిన ఈ మూడేళ్ళలో ఆవిడ వచ్చేదాకా నేను గోడగడియారంతో మాట్లాడానని ఎవరికీ తెలీదు, మీకూ చెప్పలేదు.

కోపం వస్తే కలలోకి రండి, తిడితే పడతాను. గుమ్మం దగ్గర బూట్లు మాత్రం విప్పి రండి. మోత్రియా ఊరుకోదు.